కొండ రాయి, గోదారి నీరు, మన ధవళేశ్వరం

సభకు నమస్కారం. ఊరి పెద్దలకు, తోటి ఉపాధ్యాయులకు, ముందు వరసల్లో ఓపిగ్గా కూర్చున్న పిల్లలకు నమస్కారం.

ధవళేశ్వరం గురించి మాట్లాడమంటే మనందరికీ ఒక అలవాటు ఉంది. బ్యారేజీ దగ్గర మొదలుపెడతాం, కాటన్ దొర పేరు చెబుతాం, విగ్రహానికి దండ వేసి కిందకి దిగిపోతాం. అందులో తప్పేం లేదు. మే 15న ఆయన పుట్టినరోజుకి డెల్టా అంతటా వేసే దండల్లో ప్రేమ ఉంది. అయితే ఆ దండల వెనక ఈ ఊరు కనపడకుండా పోయిందని నాకు చాలాకాలంగా బాధగా ఉంది. ఆనకట్ట కట్టిన ఊరిగానే మనం తెలుసు. ఆనకట్ట ఇక్కడే ఎందుకు కట్టారు, ఎవరు కట్టారు, కట్టాక ఈ ఊళ్లో ఏం పుట్టింది అన్నది మన పిల్లలకి మనమే చెప్పడం లేదు. ఈరోజు నేను ఆ మాటలు చెప్పడానికే వచ్చాను.

రాజమహేంద్రవరంలో ఆటో ఎక్కితే ఇక్కడికి ఎంతసేపు? దారి పొడుగునా ఇళ్లే, షాపులే. ఎక్కడ రాజమండ్రి అయిపోయింది, ఎక్కడ ధవళేశ్వరం మొదలైంది అంటే కొత్తవాళ్లు చెప్పలేరు. 2011 జనాభా లెక్కల్లో మన ఊరు 44 వేలు దాటింది. బయటవాళ్ల లెక్కలో ఇది రాజమండ్రి శివారు. నదిని పట్టి చూస్తే మాత్రం లెక్క మారిపోతుంది. నాసిక్ దగ్గర త్ర్యంబకంలో పుట్టిన గోదావరి దక్కను అంతా దాటి, శబరిని కలుపుకుని, పాపికొండల ఇరుకులోంచి బయటపడి, పోలవరం దాటాక ఒళ్లు విరుచుకుంటుంది. రాజమండ్రి దాటి మన దగ్గరికి వచ్చేసరికి లంకలతో కలిపి చూస్తే ఈ గట్టు నుంచి ఆ గట్టుకి సుమారు ఆరు కిలోమీటర్లు. ఇక్కడే చీలుతుంది. మన వైపు పాయ గౌతమి అయి యానాం వైపు పోతుంది, అవతలి పాయ వశిష్ఠ అయి నరసాపురం, అంతర్వేది వైపు పోతుంది. ఆ రెంటి నడుమ ఉన్నదే కోనసీమ. డెల్టాకి తల ఎక్కడ అంటే ఇక్కడ. మనం కూర్చున్న చోట.

ఇక కొండ సంగతికి వస్తాను. నా మట్టుకు ధవళేశ్వరం చరిత్ర ఆ కొండ దగ్గరే మొదలవుతుంది. ఆనకట్ట మాట పుట్టకముందు నుంచీ ఈ ఊరికి గుర్తింపు జనార్దన స్వామి వల్లనే. గోదావరి తీరాన నవ జనార్దన క్షేత్రాలున్నాయి. మడికి, జొన్నాడ, ఆలమూరు, కపిలేశ్వరపురం ఇలా గౌతమి వెంట వరసగా సాగే ఆ క్షేత్రాల్లో మొదటిది మనది. ధనుర్మాసంలోనో వైకుంఠ ఏకాదశికో తొమ్మిది గుళ్లూ ఒకే రోజు చూసి రావాలని బయలుదేరేవాళ్లు ముందు మన కొండే ఎక్కుతారు. కింద రామపాదాల రేవు. సీతారాములు ఈ తీరాన నడిచారన్న నమ్మకంతో తరతరాలుగా అక్కడ స్నానాలు చేస్తున్నారు. కొండపైన మెట్ల చివర నిలబడి తూర్పుకి, దక్షిణానికి చూడండి. డెల్టా అంతా బల్లపరుపుగా కనిపిస్తుంది. ఇక్కణ్ణుంచి సముద్రం దాకా మరో కొండ లేదు. ఈ సంగతి గుర్తుపెట్టుకోండి. ఆనకట్ట కథలో దీనికి చాలా పెద్ద పాత్ర ఉంది.

ఇప్పుడు 1830ల నాటి గోదావరి సీమను కొంచెం ఊహించుకోండి. ఇప్పటి పచ్చదనం కాదు. నందన నామ సంవత్సరం, అంటే 1832-33లో కరువు. గుంటూరు వైపు ఊళ్లకు ఊళ్లు ఖాళీ అయ్యాయి, మన వైపూ జనం చెల్లాచెదురయ్యారు. 1839లో కోరంగి మీద తుపాను విరుచుకుపడింది, ఉప్పెన ఊరినే ఊడ్చేసింది. అప్పటి రాజమండ్రి జిల్లా జనాభా 1821లో సుమారు 7 లక్షల 38 వేలు. ఇరవై ఏళ్లు గడిచి 1841 వచ్చేసరికి అది 5 లక్షల 61 వేలకు పడిపోయింది. పిల్లలూ, ఈ రెండు అంకెల్ని పక్కపక్కన రాసి చూడండి. ఇరవై ఏళ్లలో జనం పెరగాలి కదా. పెరగకపోగా ప్రతి నలుగురిలో దాదాపు ఒకరు లేకుండా పోయారు. చచ్చిపోయినవాళ్లు కొందరు, కడుపు చేతపట్టుకుని వలసపోయినవాళ్లు కొందరు. ఇదంతా జరిగింది నీళ్లు లేనిచోట కాదు. ఏటా వరదొచ్చే గోదారి గట్టున. నది కిందుగా పారుతుంది, చేలు మెరకన ఉంటాయి. వాన పడకపోతే పక్కనే నది పోతున్నా చేను ఎండిపోతుంది. నది పొంగితే అదే చేను మునిగిపోతుంది. కరువూ వరదా ఒకే రైతుని వంతులవారీగా చంపిన రోజులవి.

పన్నుల రాబడి పడిపోయింది. కుంఫిణీ ప్రభుత్వాన్ని కదిలించింది ముఖ్యంగా అదేనని మనం మొహమాటం లేకుండా చెప్పుకోవాలి. పరిస్థితి చూడమని మాంట్‌గోమరీ అనే అధికారిని పంపారు. ఈ జిల్లా బాగుపడాలంటే నదిని వాడుకోవడం తప్ప దారి లేదు, ఇంజనీరుని పెట్టి పరిశీలన చేయించండి అని ఆయన 1844లో చెప్పాడు. ఆ ఇంజనీరే ఆర్థర్ కాటన్. 1803లో పుట్టాడు, పద్దెనిమిదేళ్ల వయసులో మద్రాసు వచ్చాడు. మన దగ్గరికి వచ్చేనాటికే తంజావూరు సీమలో కొల్లిడం మీద ఆనకట్టలు కట్టిన అనుభవం ఉంది. అక్కడ కావేరి మీద చోళుల నాటి కల్లణై అనే ఆనకట్ట ఉంది కదా, ఇసుక మీద రాళ్లు పేర్చి నదిని మళ్లించిన ఆ పాత కట్టడాన్ని చూసి తాను నేర్చుకున్నానని ఆయనే చెప్పుకున్నాడు. బండరాయి పునాది దొరకని చోట, ఇసుక మీద కూడా కట్టడం నిలుస్తుందన్న పాఠం ఆయనకి ఈ దేశపు పాత పనివాళ్లు నేర్పిందే. మన ఆనకట్ట వంశవృక్షం గీస్తే వేరు కావేరి ఒడ్డున తేలుతుంది. నాకు ఇది ఎంతో ఇష్టమైన విషయం.

ధవళేశ్వరమే ఎందుకు? పైన పాపికొండల దగ్గర నది ఇరుకు. కట్టాల్సిన గోడ పొట్టిగా ఉంటుంది. కానీ అక్కడ లోతు ఎక్కువ, వరద వేగం ఎక్కువ. ఇక్కడ నది వెడల్పు, కాబట్టి లోతు తక్కువ, వేగం తక్కువ. పైగా మధ్యలో లంకలున్నాయి. నాలుగు మైళ్ల వెడల్పులో రెండు మైళ్ల పైచిలుకు మాత్రమే గోడ కడితే చాలు, మిగతా పని లంకలే చేసిపెడతాయి. ఒక పెద్ద నదిని కట్టడం కాకుండా నాలుగు చిన్న పాయల్ని ఒక్కొక్కటిగా కట్టుకోవచ్చు. ధవళేశ్వరం, ర్యాలి, మద్దూరు, విజ్జేశ్వరం అని ఆ నాలుగు భాగాల పేర్లు. ఇక్కణ్ణుంచి కాలువ తీస్తే డెల్టా అంతటికీ నీరు పల్లానికే పారుతుంది. ఇన్ని ఉన్నా రాయి లేకపోతే పని జరగదు. ఆ రాయి మన కొండ. గట్టు పక్కనే కొండ, కొండ నిండా రాయి. రాళ్లు తరలించడానికి ఇక్కడ పట్టాలు వేసి బళ్లు నడిపారు. బొంబాయి నుంచి ఠాణాకి మన దేశపు మొదటి ప్రయాణికుల రైలు నడిచింది 1853లో. అంతకు ముందే ధవళేశ్వరం క్వారీలో రాళ్ల బళ్లు పట్టాల మీద నడిచాయి. ఊళ్లో ఎంతమందికి ఈ సంగతి తెలుసు?

1846 చివర్లో అనుమతి వచ్చింది. 1847లో పని మొదలైంది. గోదారిలో పని అంటే ఏడాది పొడుగునా జరిగేది కాదు. వరద తీశాక, శీతాకాలం నుంచి మళ్లీ తొలకరి దాకా దొరికే ఆ కొద్ది నెలల్లోనే. ఇసుకలో బావులు దింపారు. వాటిని రాయితో నింపి, ఆ వరస మీద గోడ లేపారు. దిగువన నీరు పడేచోట ఇసుక కోసుకుపోకుండా పెద్ద పెద్ద రాళ్లు పరిచారు. మొదటి ఊపులో వేలాది మంది కూలీలు దిగారు. మధ్యలో కాటన్ ఆరోగ్యం పాడై 1848లో సెలవు మీద ఆస్ట్రేలియా వెళ్లిపోయాడు. రెండేళ్ల దాకా రాలేదు. ఆ కాలంలో పనిని మోసినవాడు కెప్టెన్ ఓర్. తరవాత బెజవాడ దగ్గర కృష్ణ ఆనకట్ట కట్టింది కూడా ఆయనే. ఆయన పేరు మన ఊళ్లో ఎక్కడా వినపడదు. 1852 నాటికి ఆనకట్ట పూర్తయింది. అయిదేళ్లు! ఆవిరి యంత్రాలు అరకొరగా ఉన్న రోజుల్లో, ఇంత నది మీద, అయిదంటే అయిదేళ్లు.

వీరన్న గారి గురించి ఆగి చెప్పుకోవాలి. వీణెం వీరన్న. రాజమండ్రి ప్రాంతపు మనిషి. తెల్ల ఇంజనీర్ల దగ్గర ఓవర్సీరుగా చేరి, కూలీల్ని కూడగట్టడం, వాళ్లకి పని చెప్పడం, కూలి డబ్బులు చేర్చడం దగ్గర్నుంచి కట్టుబడి పర్యవేక్షణ దాకా భుజాన వేసుకున్నాడు. ఇంజనీరు గీసిన గీతకీ పలుగు పట్టిన చేతికీ మధ్య నిలబడినవాడు ఆయన. కాటన్ ఆయన సేవను ప్రత్యేకంగా మెచ్చుకున్నాడు. ప్రభుత్వం రాయ్ బహదూర్ బిరుదిచ్చింది. ఈ మధ్య కొందరు పెద్దల పూనికతో ఆయన పేరు కాస్త వినిపిస్తోంది, సంతోషం. మరి ఆ వేలమంది? బావుల్లో దిగి ఇసుక తోడినవాళ్లు, కొండని పగలగొట్టినవాళ్లు, తట్టలు మోసిన ఆడవాళ్లు? వాళ్ల పేర్లు ఏ శిలాఫలకం మీదా లేవు. పది పదిహేనేళ్ల కిందట కరువులో అయినవాళ్లని పోగొట్టుకున్న మనుషులే ఆ పనికి వచ్చి ఉంటారని నేను అనుకుంటాను. ఆనకట్ట మీద నించున్నప్పుడల్లా నాకు వాళ్లే గుర్తొస్తారు.

దీని అర్థం కాటన్‌ని తక్కువ చేయడం కాదు. గోదావరి స్నానానికి వచ్చేవాళ్లకి సంకల్పం చెప్పేటప్పుడు మన పంతుళ్లు ఆయన్ని భగీరథుడితో పోల్చి స్మరిస్తారు. పరాయి దేశపువాడికి, పరాయి మతంవాడికి, పాలకుల మనిషికి ఈ నేల మీద అలాంటి చోటు దక్కడం మామూలు విషయం కాదు. రైళ్ల మీద పెట్టే ఖర్చు కాలువల మీద పెట్టండి అని పై అధికారులతో జీవితాంతం వాదించాడు. 1899లో తొంభై ఆరేళ్ల వయసులో పోయేదాకా ఆ మాట మానలేదు. మన జనం గుర్తుపెట్టుకున్నది అధికారిని కాదు, నీళ్లు తెచ్చినవాణ్ణి.

ఆనకట్ట అయిపోగానే కథ అయిపోలేదు. మన ఊరికి సంబంధించి అసలు కథ అప్పుడే మొదలైంది. తూర్పు డెల్టాకి ఇక్కణ్ణుంచి, మధ్య డెల్టాకి బొబ్బర్లంక నుంచి, పశ్చిమ డెల్టాకి విజ్జేశ్వరం నుంచి కాలువలు తవ్వారు. లంక దాటి లంకకి నీళ్లందించడానికి కోనసీమలోని గన్నవరం దగ్గర వైనతేయ పాయ మీద అక్విడక్టు, అంటే నది మీదుగా కాలువని దాటించే వంతెన, కట్టారు. కాలువలంటే సాగునీటికే అనుకోవద్దు. అప్పట్లో అవే రోడ్లు. లాకులు, అంటే పడవల్ని ఒక నీటిమట్టం నుంచి ఇంకో మట్టానికి చేర్చే తలుపుల గదులు, దాటుకుంటూ కాకినాడకి, ఏలూరుకి, అక్కణ్ణుంచి ఇంకా దక్షిణానికి ధాన్యం పడవలు, జనం పడవలు నడిచేవి. లాకులకి ఇనుప తలుపులు కావాలి, స్లూయిజులకి, అంటే నీళ్లు వదిలే తూములకి, గేట్లు కావాలి, పడవలకి మరమ్మతులు కావాలి. అందుకే ఇక్కడ ప్రభుత్వ వర్క్‌షాపు వెలిసింది. కమ్మరులు, వడ్రంగులు, ఫిట్టర్లు, పోత పోసేవాళ్లు, గుమాస్తాలు, డ్రాఫ్ట్స్‌మన్లు, లస్కర్లు. నెల జీతం మీద బతికే కొత్త ఊరు ఒకటి పాత గుడి ఊరి పక్కన తయారైంది. ఇవాళ్టికీ హెడ్‌వర్క్స్, ఇరిగేషన్ ఆఫీసులకీ మన ఊరికీ ఉన్న బంధం అదే. మీలో చాలామంది ఇళ్లలో తాతో ముత్తాతో ఆ ఆఫీసుల్లోనో వర్క్‌షాపులోనో పనిచేసినవాళ్లే.

ఈ కొత్త ఊళ్లోకే 1874లో ఒక ఇరవై ఆరేళ్ల పంతులుగారు వచ్చారు. రాజమండ్రిలో పుట్టి, కోరంగిలో కొన్నాళ్లు పాఠాలు చెప్పి, ధవళేశ్వరం ఆంగ్లో వెర్నాక్యులర్ స్కూలుకి ప్రధానోపాధ్యాయుడిగా వచ్చిన కందుకూరి వీరేశలింగం. ఈయన్ని మనం రాజమండ్రి మనిషిగా చెప్పుకుంటాం. టౌన్‌హాలు, వితంతు వివాహాలు, అన్నీ రాజమండ్రివే. 1881 డిసెంబరు 11న మొదటి వితంతు వివాహం జరిగింది అక్కడే. కానీ ఆ మనిషి సంస్కర్తగా బయటపడ్డది ఎక్కడ? ఇక్కడ. 1874 అక్టోబరులో 'వివేకవర్ధని' పత్రిక మొదలుపెట్టినప్పుడు ఆయన ధవళేశ్వరంలో ఉన్నారు. మొదట్లో అచ్చు మద్రాసులో, రాత ఇక్కడ. లంచాల మీద, మూఢనమ్మకాల మీద, వేశ్యాలోలత మీద, ఆడపిల్లల చదువు గురించి ఆయన కలం ఝళిపించింది ఈ ఊళ్లో కూర్చుని. అదే ఏడాది ఇక్కడే బాలికల పాఠశాల పెట్టారు. ఆడపిల్లకి అక్షరం నేర్పితే మొగుడు చస్తాడని నమ్మే రోజుల్లో, ఈ ఊరి వాళ్లు కొందరు తమ ఆడపిల్లల్ని చేయి పట్టుకుని తీసుకెళ్లి బడిలో కూర్చోబెట్టారు.

నేను ఉపాధ్యాయుణ్ణి కాబట్టి ఈ విషయం మీద నాకు కొంచెం ఎక్కువ పట్టింపు ఉంటుంది, మన్నించాలి. ఆ బడి ఇక్కడే ఎందుకు సాధ్యమైంది అని నేను ఆలోచిస్తూ ఉంటాను. నా ఊహ చెబుతాను. వర్క్‌షాపు, ఆనకట్ట ఆఫీసుల వల్ల రకరకాల చోట్ల నుంచి వచ్చిన ఉద్యోగులున్న ఊరు ఇది. పుట్టిన ఊరు వదిలి వచ్చినవాళ్ల మీద పాత కట్టుబాట్ల పట్టు కాస్త సడలి ఉంటుంది. చదువు వల్ల జీతం వస్తుందని కళ్లారా చూసినవాళ్లు. ఆనకట్ట వేలమైళ్ల కాలువలకి నీరిచ్చిందని చెబుతాం, అది ఇలాంటి ఒక బడికి కూడా నేల సిద్ధం చేసిందని నేను గట్టిగా నమ్ముతాను. అలాంటి బడి పుట్టిన ఊళ్లో దాని గురుతుగా ఒక పలకైనా ఉండొద్దా? బ్యారేజీకి వెళ్లే దారిలో కాటన్ విగ్రహం ఎంత గర్వకారణమో, ఆ బాలికల పాఠశాల జ్ఞాపకం కూడా అంతే గర్వకారణం కావాలి. ఈ సభలో కూర్చున్న ఆడపిల్లలు ఈ ఒక్క సంవత్సరం గుర్తుపెట్టుకోండమ్మా: 1874.

ఆనకట్ట మళ్లీ మళ్లీ మారుతూ వచ్చింది. 1860ల్లో ఎత్తు పెంచారు. తరవాత 1890ల చివర్లో పైన తలుపులు బిగించారు. వరద వస్తే పడిపోయి, వరద తగ్గాక మళ్లీ లేపేవి. 1900లో హేవలాక్ వంతెన మీద రైలు నడిచాక పడవల కాలం తగ్గుముఖం పట్టింది. 1953 ఆగస్టు వరద మన పెద్దవాళ్ల మాటల్లో చాలాకాలం బతికి ఉంది. నూరేళ్లు దాటిన కట్టడం, దిగువన కోత, రాళ్ల సందుల్లోంచి కారిపోయే నీరు. కొత్తది కట్టక తప్పదని తేలి 1970లో బ్యారేజీ పని మొదలుపెట్టారు, 1982కి పూర్తి చేశారు. మొత్తం 175 గేట్లు. ధవళేశ్వరం వైపు 70, ర్యాలి 43, మద్దూరు 23, విజ్జేశ్వరం 39. కాటన్ విడదీసిన నాలుగు భాగాలు, ఆ పేర్లు, అలాగే ఉన్నాయి. నాలుగూ కలిపితే మూడున్నర కిలోమీటర్ల పైమాటే. దీని మీద ఆధారపడి సాగయ్యే నేల సుమారు పది లక్షల ఎకరాలు. జూన్‌లో కాలువలకి నీళ్లు వదిలితే సార్వా, అంటే వానాకాలపు పంట, మళ్లీ దాళ్వా, అంటే రెండో పంట, ఏప్రిల్‌లో కట్టేసేదాకా. రెండు పంటల బతుకు మన ఊరి గేట్ల మీద ఉంది.

బ్యారేజీ పూర్తయి నాలుగేళ్లు తిరక్కుండానే పరీక్ష వచ్చింది. 1986 ఆగస్టు. భద్రాచలం దగ్గర నీటిమట్టం 75.6 అడుగులు. మన బ్యారేజీ మీద 35 లక్షల క్యూసెక్కుల పైగా. అన్ని గేట్లూ ఎత్తేసినా నది సముద్రంలా వచ్చింది. ఏటిగట్లు తెగాయి. కోనసీమలోనూ అవతల పశ్చిమ గోదావరిలోనూ ఊళ్లు మునిగాయి. ఈ హాల్లో ఉన్న పెద్దవాళ్లకి ఆ రాత్రులు నేను చెప్పనక్కరలేదు. గట్టు మీద లాంతర్లతో, ఇసుక బస్తాలతో కాపలా కాసిన మనుషులు ఇంకా మన మధ్యే ఉన్నారు. బ్యారేజీ నిలబడింది. 2022 జులైలో, అది కూడా ఇంకా వానాకాలం ముదరకముందే, భద్రాచలం దగ్గర 71 అడుగులు దాటి, ఇక్కడ 25 లక్షల క్యూసెక్కులు దాటింది. మళ్లీ నిలబడింది.

రాష్ట్రం మొత్తానికి మన ఊరి పేరు వినపడేది ఆ రోజుల్లోనే. ధవళేశ్వరం దగ్గర 11.75 అడుగులు అంటే మొదటి ప్రమాద హెచ్చరిక. 13.75 అంటే రెండోది. 17.75 అంటే మూడోది. ఒకప్పుడు రేడియోలో, ఇప్పుడు టీవీలో, ఫోన్లలో. మనకి అది ఒక అంకె. దిగువ లంకల్లో ఉన్నవాళ్లకి అది గొడ్లని ఎప్పుడు గట్టెక్కించాలి, ముసలివాళ్లని ఎప్పుడు పడవెక్కించాలి, గాదెలో ధాన్యం ఏం చేయాలి అన్న నిర్ణయం. భద్రాచలంలో పెరిగిన నీరు మన దాకా రావడానికి దాదాపు ఒక రోజు. ఆ ఒక్క రోజే వాళ్ల చేతిలో ఉన్న సమయం. గేజీ చదివి ఆ అంకె పైకి పంపే ఉద్యోగి వానలో, అర్ధరాత్రి, గంటగంటకీ చదువుతాడు. మన ఊరి ముఖ్యమైన స్థలాల జాబితా రాస్తే నేను ఆ వరద గేజీని గుడి తరవాత రాస్తాను. పిల్లల్ని బ్యారేజీకి విహారయాత్రకి తీసుకెళ్లే తల్లిదండ్రులు ఈసారి ఆ అంకెల కొలబద్ద కూడా చూపించి, ఎంత వరకు వస్తే ఏ ఊరు కదలాలో చెప్పండి.

పులస సంగతి కూడా చెప్పకపోతే గోదావరివాళ్లు ఊరుకోరు. సముద్రపు చేప, వరద నీటి కోసం ఎదురీదుతూ మన గేట్ల దాకా వస్తుంది. ఇక్కడ ఆగిపోతుంది. ఆనకట్ట లేని రోజుల్లో ఇంకా ఎగువకి పోయేది. మనిషికి అన్నం పెట్టిన గోడ చేపకి దారి మూసింది. రెండూ నిజాలే. వానాకాలంలో బ్యారేజీ దిగువన, వలలు వేసే మన మత్స్యకార కుటుంబాల కష్టం, ఆ చేపకి పలికే వేల రూపాయల ధరని బట్టి అంచనా వేయకండి. ప్రతి వలలో పులస పడదు.

ఇక మ్యూజియం. కాటన్ ఉన్న బంగళానే మ్యూజియంగా మార్చారు. ఆనకట్ట నమూనాలు, బొమ్మలు, పాత కొలత పరికరాలు, ఆవరణలో పాత యంత్రాలు. చాలామంది అరగంటలో చూసి వచ్చేస్తారు. నేను పిల్లల్ని తీసుకెళ్లినప్పుడు నమూనా ముందు నిలబెట్టి ఒక్క ప్రశ్న అడుగుతాను: ఈ గోడ కింద ఏముంది? బండరాయి అని చాలామంది చెబుతారు. ఇసుక అని తెలిశాక వాళ్ల కళ్లు పెద్దవవుతాయి. అప్పుడు బావులు చూపిస్తాను, కిందకి పరిచిన రాళ్లు చూపిస్తాను, ఆ రాళ్లు ఎక్కడివో కిటికీలోంచి కొండ వైపు చెయ్యి పెట్టి చూపిస్తాను. సైన్సు, చరిత్ర, తెలుగు, లెక్కలు, నాలుగు పాఠాలూ అక్కడే అయిపోతాయి. మన బళ్లన్నీ ఏడాదికి ఒక్కసారైనా ఈ పాఠం అక్కడ చెప్పాలని నా కోరిక.

నేను కోరేవి ఇంకా కొన్ని ఉన్నాయి. 2027లో గోదావరి పుష్కరాలు వస్తున్నాయి. లక్షల మంది వస్తారు. రేవులు బాగుచేస్తారు, రోడ్లు వేస్తారు, రంగులు వేస్తారు. ఆ హడావుడిలో పాత రాళ్లు, పాత లాకుల తలుపులు, పాత గోడల మీద చెక్కిన సంవత్సరాలు పగిలిపోవడం, సున్నం కింద పడిపోవడం మనం ఇంతకు ముందు చూశాం. అందుకని అంతకంటే ముందే మన ఊరి యువకులు ఫోన్లు పట్టుకుని బయలుదేరాలి. ప్రతి లాకు, ప్రతి పాత స్లూయిజు, గుడి మెట్ల పక్కన రాతలు, వర్క్‌షాపు మిగులు గోడలు, కొండకి క్వారీ తవ్విన మచ్చలు, అన్నిటికీ ఫొటోలు తీసి, ఎక్కడున్నాయో రాసి గ్రంథాలయానికి ఇవ్వండి. హెడ్‌వర్క్స్‌లో, వర్క్‌షాపులో పనిచేసి రిటైరైన పెద్దలున్న ఇళ్లకి వెళ్లి, వాళ్ల మాటలు రికార్డు చేయండి. 1986 రాత్రుల గురించి అడగండి. తలుపులు లేపే పని ఎలా ఉండేదో వాళ్ల నాన్నలు చెప్పింది అడగండి. వాళ్ల దగ్గరున్న పాత ఫొటోలు, జీతం కాగితాలు, సర్టిఫికెట్లు పారేయొద్దని చెప్పండి.

పంచాయతీ పెద్దల్ని రెండు పలకలు అడుగుతున్నాను. ఒకటి వీరేశలింగం గారి బాలికల పాఠశాల పేరు మీద, ఇప్పుడున్న ఏదో ఒక ఆడపిల్లల బడి గుమ్మంలో. రెండోది ఏటిగట్టు మీద, 1847 నుంచి 1852 దాకా ఈ నదిలో పనిచేసిన కూలీల పేరు మీద. పేర్లు మనకి తెలియవు కాబట్టి వాళ్లు చేసిన పనులు రాద్దాం: రాయి కొట్టినవాళ్లు, బావి దింపినవాళ్లు, సున్నం గానుగ పట్టినవాళ్లు, తట్ట మోసినవాళ్లు. ఖర్చు పెద్దదేం కాదు. నా వంతు చందా ఈరోజే నిర్వాహకుల చేతికి ఇచ్చి వెళ్తున్నాను. మాటలు రాయడానికి ఎవరైనా ముందుకొస్తే కూర్చుని కలిసి రాద్దాం.

రేపు ఆదివారం. ఎండ ముదరకముందే, ఉదయం ఆరింటికి కొండ మెట్ల దగ్గర కలుద్దాం. ముందు జనార్దన స్వామి గుడి, అక్కణ్ణుంచి క్వారీ వైపు, తరవాత రామపాదాల రేవు, మ్యూజియం, వరద గేజీ. మీ ఇళ్లలో పెద్దవాళ్లు నడవలేకపోతే బండి మీద తీసుకురండి. వాళ్లకి తెలిసింది చెప్పించుకోవడానికే ఈ నడక. పిల్లలూ, నోటుబుక్కూ పెన్నూ మర్చిపోవద్దు.